హాజరు కాలేదని కేసు కొట్టేశారా? మళ్లీ ఫైలుకి ఎక్కించుకోవడం ఎలా

“సార్, వాయిదాకి వెళ్లలేకపోయాం. కేసు కొట్టేశారట. ఇక అయిపోయినట్టేనా?” ఈ ప్రశ్న నన్ను అడగని వారం లేదు. అడిగేవాళ్ల గొంతులో కేసు ఓడిపోయామన్న బాధే వినిపిస్తుంది. ముందు ఆ బాధ పక్కన పెట్టండి. డిఫాల్ట్‌లో డిస్మిస్ అయిందంటే మీ పొలం మీది కాదని గానీ, మీరిచ్చిన అప్పు అబద్ధమని గానీ కోర్టు తేల్చినట్టు కాదు. పిలిచినప్పుడు మీరు పలకలేదు కాబట్టి ఫైలు మూసేశారు, అంతే. దాన్ని తెరిపించుకునే దారి చట్టంలోనే ఉంది.

అయితే ఆ దారికి 30 రోజుల గడువు ఉంది. నేను చూసినంతలో మనుషులు నష్టపోయింది ఒక్క వాయిదా తప్పినందుకు కాదు, తప్పాక ఆరు నెలలు ఊరుకున్నందుకు.

ఇక్కడ చెప్పేది ప్రధానంగా సివిల్ కేసుల గురించి: స్థలం తగాదాలు, ప్రామిసరీ నోటు దావాలు, పార్టిషన్ సూట్లు, ఇంజంక్షన్లు. చెక్ బౌన్స్, వినియోగదారుల కమిషన్ కేసులకు దారి పూర్తిగా వేరు. వాటి గురించి చివర్లో విడిగా రాశాను. మీది చెక్ కేసు అయితే నేరుగా అక్కడికే వెళ్లండి, ఎందుకంటే సివిల్ పద్ధతి అక్కడ వాడితే విలువైన రోజులు వృథా అవుతాయి.

ముందుగా చేతిలో ఉండాల్సినవి

- కేసు నంబరు, సంవత్సరం, కోర్టు పేరు. సీఎన్‌ఆర్ నంబరు ఉంటే ఇంకా మంచిది. అది ప్రతి కేసుకీ ఇచ్చే గుర్తింపు సంఖ్య, అక్షరాలు, అంకెలు కలిపి 16 ఉంటుంది.
- కేసు కొట్టేసిన రోజు డాకెట్ ఆర్డరు (ఆ రోజు కేసులో ఏం జరిగిందో కోర్టు రాసే షీటు) నకలు.
- ఆ రోజు మీరు ఎందుకు రాలేకపోయారో చూపించే కాగితాలు.
- కేసు కొట్టేసిన సంగతి మీకు ఏ తేదీన, ఎవరి ద్వారా తెలిసిందో ఒక కాగితం మీద రాసుకున్న నోట్.
- ప్లీడరు గారిని మారుస్తుంటే పాత ప్లీడరు గారి నో అబ్జెక్షన్, కొత్త వకాల్తా.
- ఆధార్ నకలు, కోర్టు ఫీజు స్టాంపులకు, నోటీసు ఖర్చులకు కొంత డబ్బు.

ఫీజు పెట్టుకునే స్తోమత లేకపోతే ఆగిపోకండి. మహిళలు, పిల్లలు, ఎస్సీ ఎస్టీలు, దివ్యాంగులు, నిర్ణీత ఆదాయ పరిమితికి లోబడినవాళ్లు జిల్లా న్యాయసేవాధికార సంస్థ ద్వారా ఉచితంగా న్యాయవాదిని పొందవచ్చు. సాధారణంగా కోర్టు ఆవరణలోనే దాని ఆఫీసు ఉంటుంది. ఫోన్ నంబరు 15100.

1. అసలు ఏమని రాసి కొట్టేశారో చదవండి

అందరూ దాటేసే మెట్టు ఇదే. మిగతాదంతా దీని మీదే ఆధారపడి ఉంది. “డిస్మిస్ అయింది” అన్న ఒక్క మాట పట్టుకుని పరుగెత్తకండి.

కేసు కొట్టేసే రోజు కోర్టులో జరిగేది ఇది. కాల్‌వర్క్‌లో, అంటే ఆ రోజు కేసులను వరసగా పిలిచేటప్పుడు, మీ కేసు నంబరు పిలుస్తారు. మీ ప్లీడరు గానీ జూనియర్ గానీ లేస్తే పాస్ ఓవర్ అడుగుతారు, కేసు కాసేపు పక్కన పెడతారు. ఎవరూ లేవకపోతే అటెండరు గుమ్మం దగ్గర నిలబడి మీ పేరు మూడుసార్లు కేకేస్తాడు. అప్పటికీ పలికేవాళ్లు లేకపోతే డాకెట్ షీటు మీద రెండు మూడు లైన్ల ఆర్డరు పడుతుంది: “ప్లెయింటిఫ్ కాల్డ్ ఆబ్సెంట్. నో రిప్రజెంటేషన్. డిఫెండెంట్ ప్రెజెంట్. సూట్ డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్.” అంటే వాది రాలేదు, తరఫున ఎవరూ లేరు, ప్రతివాది ఉన్నాడు, గైర్హాజరుకి దావా కొట్టేశాం అని. ఆ రెండు మూడు లైన్లలో ఎవరు ఉన్నారు, ఎవరు లేరు అన్నదే మీ తర్వాతి అడుగుని నిర్ణయిస్తుంది. సివిల్ ప్రొసీజర్ కోడ్, అంటే సీపీసీ, ఆర్డర్ 9 (ఇది కోడ్‌లో ఒక భాగం పేరు) ప్రకారం చూస్తే తేడాలు ఇలా ఉంటాయి.

ఇద్దరూ రాలేదని కొట్టేస్తే అది రూల్ 3. సమన్లకు బత్తా (అవతలివాళ్లకి అందించే ఖర్చు) కట్టలేదని కొట్టేస్తే రూల్ 2. ఈ రెండింటికీ విరుగుడు రూల్ 4. మీకు రెండు దారులు ఉంటాయి: పాత దావానే తిరిగి తెరిపించమని అడగవచ్చు, లేదా కాలపరిమితి ఇంకా మిగిలి ఉంటే కొత్త దావా వేసుకోవచ్చు.

ప్రతివాది వచ్చాడు, వాది రాలేదు అని కొట్టేస్తే అది రూల్ 8. ఇక్కడే జాగ్రత్త. రూల్ 9 ప్రకారం అదే కారణం మీద మీరు మళ్లీ కొత్త దావా వేయడానికి వీల్లేదు. పాతదాన్ని తెరిపించుకోవడం ఒక్కటే దారి. “కొత్త కేసు వేసుకుందాం లెండి, అదే సులువు” అని ఎవరైనా అంటే ముందు డాకెట్ ఆర్డరులో ప్రతివాది హాజరు ఉందో లేదో చూపించమనండి.

మూడో రకం ఒకటుంది, మనుషులు ఎక్కువగా దెబ్బతినేది దీంట్లోనే. మీ ప్లీడరు గారు కోర్టులోనే ఉన్నారు, మీరు సాక్ష్యం చెప్పడానికి రాలేదు. రెండు మూడు వాయిదాలు చూసి మీ ఎవిడెన్స్ క్లోజ్ చేశారు. ఆ తర్వాత సాక్ష్యం లేదని తీర్పు ఇచ్చి దావా కొట్టేశారు. ఇది పేరుకి గైర్హాజరు వల్ల వచ్చిన తిప్పలే అయినా, డిఫాల్ట్ డిస్మిసల్ కాదు. జడ్జిమెంటు, డిక్రీ ఉన్నాయంటే దానికి అప్పీలే వేయాలి. జిల్లా కోర్టుకి అయితే 30 రోజులు, హైకోర్టుకి అయితే 90 రోజులు. అలాంటి చోట రెస్టోరేషన్ పిటిషన్ (దావా మళ్లీ తెరవమనే పిటిషన్) వేసి కూర్చుంటే అప్పీలు గడువు కూడా పోతుంది.

ఆర్డరు చూడటానికి ఈకోర్ట్స్ యాప్‌లో సీఎన్‌ఆర్ నంబరు కొట్టండి. కేస్ హిస్టరీలో చివరి తేదీ మీద నొక్కితే ఆ రోజు ఏం జరిగిందో వస్తుంది. కానీ యాప్‌లో కనిపించేది సమాచారం కోసమే. దాని మీద ఆధారపడి అఫిడవిట్ రాయకండి. కాపీ అప్లికేషన్ పెట్టి సర్టిఫైడ్ కాపీ తీసుకోండి, లేదా ప్లీడరు గారి చేత డాకెట్ స్వయంగా చూపించుకోండి.

వాయిదా రోజే, కాస్త ఆలస్యంగా మీరు కోర్టుకి చేరుకుని, అప్పుడే కొట్టేశారని తెలిస్తే ఇంటికి వెళ్లిపోకండి. కోర్టు లేచేలోపు ప్లీడరు గారి చేత జడ్జి గారి ముందు మెన్షన్ చేయించండి. బస్సు ఆలస్యమైతే టికెట్ చేతిలో పెట్టుకుని నిలబడండి. ఆర్డరు మీద సంతకం కాకముందైతే అక్కడికక్కడే సరిదిద్దే అవకాశం ఉంటుంది. ఒప్పుకోకపోయినా, అదే రోజు మీరు వచ్చారన్న సంగతి తర్వాత వేసే పిటిషన్‌కి గట్టి ఊతం.

2. గడువు లెక్క వేయండి

లిమిటేషన్ చట్టం, 1963లో ఆర్టికల్ 122 ప్రకారం డిస్మిస్ అయిన తేదీ నుంచి 30 రోజులు. మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. ఇది బాగా గుర్తుపెట్టుకోండి.

ఉదాహరణకి మార్చి 3న కొట్టేశారనుకోండి. ఆ రోజు వదిలేసి మార్చి 4ను ఒకటో రోజుగా లెక్కపెడితే 30వ రోజు ఏప్రిల్ 2. మీరు ఏప్రిల్ 21న పిటిషన్ వేస్తే 19 రోజుల ఆలస్యం. ఆ 19 అన్న అంకె పిటిషన్‌లో కచ్చితంగా రాయాలి. “సుమారు 20 రోజులు” అని రాస్తే ఆఫీసు వాళ్లు రిటర్న్ చేస్తారు.

చివరి రోజు కోర్టుకి సెలవైతే, తెరిచిన రోజు వేసినా గడువులో వేసినట్టే. సంక్రాంతి, దసరా, వేసవి సెలవులు మధ్యలో పడినా లెక్క ఆగదు. చివరి రోజు సెలవుల్లో పడితేనే ఈ వెసులుబాటు.

ఇంకో పొరపాటు: సర్టిఫైడ్ కాపీ కోసం పట్టిన రోజులు గడువులోంచి తీసేస్తారు కదా అని చాలామంది ధీమాగా ఉంటారు. అప్పీలుకి తీసేస్తారు. రెస్టోరేషన్ పిటిషన్‌కి తీసేయరు. కాపీ రాలేదని ఆగకండి. ముందు పిటిషన్ వేయించి, కాపీ తర్వాత జతచేయవచ్చా అని ప్లీడరు గారిని అడగండి.

30 రోజులు దాటిపోయిందా? అప్పుడు రెండు పిటిషన్లు పడతాయి. ఆలస్యాన్ని మన్నించమని లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఒకటి, దావా తెరవమని ఆర్డర్ 9 కింద ఇంకొకటి. మొదటిది ఒప్పుకున్నాకే రెండోదానికి నంబరు పడుతుంది. ఎన్ని రోజులు ఆలస్యమైందన్న దానికంటే ఆ రోజులకు ఇచ్చిన వివరణ ఎంత నమ్మదగినదన్నదే ముఖ్యమని 1998లో ఎన్. బాలకృష్ణన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని దాన్నే నమ్ముకుని ఇంకా ఆలస్యం చేయకండి. పెరిగే ప్రతి రోజుకీ మీరే జవాబు చెప్పుకోవాలి.

3. పాత ప్లీడరా, కొత్త ప్లీడరా?

కోపం వస్తుంది, సహజం. కానీ మొదటి వారంలోనే ఫైలు లాక్కుని వేరే వాళ్ల దగ్గరికి పరుగెత్తడం చాలాసార్లు మీకే నష్టం. తప్పు నిజంగా ప్లీడరు ఆఫీసులో జరిగి ఉంటే, డైరీలో తేదీ తప్పుగా రాసుకోవడమో, గుమస్తా చెప్పడం మరచిపోవడమో అయితే, ఆయనే అఫిడవిట్ ఇవ్వడం మీకు అన్నిటికంటే గట్టి ఆధారం. చాలామంది ఇస్తారు. మర్యాదగా అడగండి.

ప్లీడరు తప్పుకి పార్టీ బలి కాకూడదని 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు అంది. అయితే 1993లో సలిల్ దత్తా కేసులో అదే కోర్టు, ఇది అన్ని చోట్లా గుడ్డిగా వర్తించే సూత్రం కాదని కూడా చెప్పింది. కేసు ఏమైందో ఏళ్ల తరబడి కనుక్కోకుండా ఉండి “అంతా ప్లీడరు గారి తప్పే” అంటే ఏ జడ్జీ నమ్మరు. మీరు ఎప్పుడెప్పుడు ఫోన్ చేశారో, ఎప్పుడు ఆఫీసుకి వెళ్లారో చెప్పగలగాలి. ఫోన్‌లో పాత కాల్ వివరాలు, వాట్సాప్ మెసేజ్‌లు చెరిపేయకండి.

మార్చక తప్పదనుకుంటే పాత ప్లీడరు గారి నో అబ్జెక్షన్ సంతకం వెంటనే తీసుకోండి. ఆయన ఇవ్వనంటే ఆ మాట కోర్టుకి చెప్పి అనుమతి అడిగే పద్ధతి ఉంది. దానికోసం 30 రోజులు కరిగిపోనివ్వకండి.

4. ఆ ఒక్క రోజుకి ఆధారం వెతకండి

కోర్టు చూడాల్సింది మీరు రాని ఆ రోజున రాలేకపోవడానికి తగిన కారణం ఉందా అన్నది. అంతకుముందు వాయిదాల్లో ఎలా ప్రవర్తించారన్నది ఇక్కడ ప్రధానం కాదని జి.పి. శ్రీవాస్తవ కేసులో 2000లో సుప్రీంకోర్టు తేల్చింది. అంటే మీ వెతుకులాట కూడా ఆ తేదీ చుట్టూనే సాగాలి.

జబ్బు చేస్తే ఆ తేదీ కలిసొచ్చే ఓపీ చీటీ, డిశ్చార్జి సమ్మరీ, మందుల బిల్లు. మూడు నెలల తర్వాత రాయించుకున్న మెడికల్ సర్టిఫికెట్ కంటే ఆ రోజు మందుల షాపు ఇచ్చిన చిన్న బిల్లుకే విలువ ఎక్కువ. ఇంట్లో చావు జరిగితే మరణ ధ్రువీకరణ పత్రం. ఉద్యోగరీత్యా వేరే ఊళ్లో ఉంటే డ్యూటీ ఆర్డరు, ప్రయాణ టికెట్లు. కోర్టు వేరే బిల్డింగుకి మారడమో, కేసు వేరే కోర్టుకి ట్రాన్స్‌ఫర్ అవడమో జరిగి మీకు నోటీసు రాకపోతే, అది మీకు చాలా బలమైన కారణం. జిల్లాలు, కోర్టుల పరిధులు మారినప్పుడు ఇలాంటివి చాలా జరిగాయి. ఆ ట్రాన్స్‌ఫర్ తేదీ డాకెట్‌లోనే ఉంటుంది, దాని నకలు పెట్టండి.

కాగితం ఏదీ లేదా? ఉన్నది ఉన్నట్టు చెప్పండి. పక్కింటివాళ్లో, మిమ్మల్ని ఆసుపత్రికి తీసుకెళ్లినవాళ్లో ఒక అఫిడవిట్ ఇవ్వవచ్చు. దొంగ సర్టిఫికెట్ జోలికి మాత్రం పోవద్దు. అవతలి ప్లీడరు ఆ డాక్టరును పిలిపించి క్రాస్ చేస్తే కేసుతో పాటు మీ పరువూ పోతుంది, కొత్త కేసు మెడకి చుట్టుకుంటుంది.

5. అఫిడవిట్ రాయించేటప్పుడు పక్కనే కూర్చోండి

పిటిషన్ ఫారం ప్లీడరు గారి పని. అఫిడవిట్ మీ మాట. టైపిస్టు దగ్గర పాత ఫార్మాట్లు ఉంటాయి, పేర్లు మార్చి ప్రింటు తీసేస్తారు. అలా వచ్చేది ఇలా ఉంటుంది:

“నేను అనారోగ్యం వల్ల మరియు కొన్ని అనివార్య కారణాల వల్ల హాజరు కాలేకపోయాను. ఇందులో నా నిర్లక్ష్యం ఏమీ లేదు.”

ఏ అనారోగ్యం, ఎప్పుడు, ఎక్కడ చూపించుకున్నారు అన్నది ఒక్కటీ లేదు. అవతలివాళ్లు కౌంటర్‌లో, అంటే వాళ్లు రాసిచ్చే జవాబులో, “వివరాలు లేవు” అని ఒక్క లైను రాస్తే చాలు. దాని బదులు ఇలా ఉండాలి:

“మార్చి 3న కేసు నా సాక్ష్యం కోసం వాయిదా పడి ఉంది. మార్చి 1 రాత్రి నాకు తీవ్రమైన జ్వరం వచ్చింది. 2న ఆసుపత్రిలో చేరాను, 5న డిశ్చార్జి అయ్యాను. డిశ్చార్జి సమ్మరీ జతచేశాను. 3వ తేదీ ఉదయం నా కొడుకు మా ప్లీడరు గారి గుమస్తాకి ఫోన్ చేశాడు, ఆయన ఎత్తలేదు. తర్వాత ఏప్రిల్ 14 దాకా డాక్టరు సలహా మీద ఇంట్లోనే ఉన్నాను. ఏప్రిల్ 15న ప్లీడరు గారి ఆఫీసుకి వెళ్లినప్పుడు కేసు కొట్టేసినట్టు తెలిసింది. కాగితాలు సమకూర్చుకుని 21న ఈ పిటిషన్ వేస్తున్నాను. 19 రోజుల ఆలస్యం పై కారణాల వల్లే జరిగింది.”

తేడా చూడండి. ప్రతి వాక్యానికీ ఒక తేదీ ఉంది, తేదీకీ తేదీకీ మధ్య ఖాళీ లేదు. చదివే జడ్జి గారికి అడగడానికి ప్రశ్న మిగలకూడదు.

దీంతో పాటు ఒక పేరా మీ దావాలో పస ఉందని చెప్పడానికి వాడండి. ఏ దశలో ఆగింది, ఏ డాక్యుమెంట్లు దాఖలు చేశారు, తెరవకపోతే ఏం నష్టం. పొడుగ్గా వద్దు.

అఫిడవిట్ ఇంగ్లీషులో ఉంటే తెలుగులో చదివి వినిపించుకున్నాకే సంతకం పెట్టండి. ఖాళీ కాగితాల మీద సంతకాలు పెట్టి “మీరే రాసుకోండి” అని వచ్చేయకండి. రేపు బోనులో నిలబెట్టి మీరు రాసిందేగా అని అడిగితే సమాధానం చెప్పాల్సింది మీరే. కేసులో భూమి సర్వే నంబర్ల కంటే ఎక్కువ జాగ్రత్తగా ఈ తేదీలు సరిచూసుకోండి.

6. ఫైల్ చేయించి, నంబరు పడేదాకా వదలకండి

పిటిషన్ ఫైలింగ్ కౌంటర్‌లో ఇచ్చాం అంటే పని అయిపోయినట్టు కాదు. ఆఫీసు వాళ్లు పరిశీలించి లోపాలుంటే రిటర్న్ రాస్తారు: స్టాంపు తక్కువ, ఆలస్యం రోజులు తప్పు, ఒక ప్రతివాదిని చేర్చలేదు, సంతకం లేదు. ఇచ్చిన గడువులో సరిచేసి మళ్లీ వేయాలి. ఆ గడువు దాటితే ఆ ఆలస్యానికి ఇంకో పిటిషన్. రిటర్న్ అయిన కాగితాలు ప్లీడరు ఆఫీసు బీరువాలో నెలలు పడి ఉండటం నేను కళ్లారా చూశాను. పార్టీ మాత్రం “పిటిషన్ వేశాం కదా” అని నిశ్చింతగా ఉంటాడు.

కాబట్టి వేసిన వారానికి ఒకసారి అడగండి: “ఐ.ఏ. నంబరు (దావాలో వేసిన పిటిషన్‌కి కోర్టు ఇచ్చే నంబరు) పడిందా? ఎంత?” నంబరు చెప్పలేకపోతే ఇంకా పడలేదనే అర్థం. నంబరు పడగానే యాప్‌లో కూడా చూసుకోండి.

7. నోటీసు, కౌంటర్, వాదన

రూల్ 9 పిటిషన్‌లో అవతలి పక్షానికి నోటీసు ఇవ్వకుండా కోర్టు దావా తెరవదు. చిరునామా సరిగా ఇవ్వండి, బత్తా వెంటనే కట్టండి. బత్తా కట్టలేదని ఈ పిటిషన్ కూడా కొట్టేస్తే పరిస్థితి ఎంత దయనీయంగా ఉంటుందో ఊహించండి. అలా జరిగినా దాన్ని మళ్లీ తెరిపించే పిటిషన్ వేయవచ్చు గానీ, అప్పటికి మీ మాట మీద నమ్మకం సగం పోయి ఉంటుంది.

ఈ పిటిషన్ ప్రతి వాయిదాకీ మీరు స్వయంగా వెళ్లండి. ప్లీడరు గారు అక్కర్లేదన్నా వెళ్లండి. హాజరు కాలేదన్న ఫిర్యాదు మీద నడుస్తున్న పిటిషన్ ఇది. మీరు వెనక బెంచీలో కూర్చుని కనిపించడమే ఒక సమాధానం.

సగం కేసుల్లో వాదన ఖర్చుల దగ్గర ముగుస్తుంది. “ఇంత కాస్ట్స్ కడితే తెరుస్తాం” అని కోర్టు అంటుంది. ఇందులో తప్పేమీ లేదు, ఒప్పుకోండి. అవతలివాళ్లు వాయిదాకి వచ్చి వెళ్లిన శ్రమకి అది పరిహారం.

8. ఆర్డరు వచ్చిన రోజు చూసుకోవాల్సినవి

“పిటిషన్ అలౌడ్” అని వినగానే సంబరపడి వెళ్లిపోతారు. ఇక్కడ ఇంకా మూడు ఉచ్చులున్నాయి.

మొదటిది, కాస్ట్స్ గడువు. “ఫలానా తేదీలోపు కట్టాలి, లేదంటే పిటిషన్ డిస్మిస్ అయినట్టే” అని ఉంటే ఆ తేదీ కంటే రెండు రోజుల ముందే కట్టండి. ఎవరికి కట్టాలో ఆర్డరులో చూడండి. అవతలి ప్లీడరుకా, న్యాయసేవాధికార సంస్థకా? రసీదు తీసుకుని, కట్టినట్టు మెమో కోర్టులో వేయించండి. డబ్బు కట్టి మెమో వేయకపోవడం వల్ల కేసు మళ్లీ మూతపడిన సందర్భాలు ఉన్నాయి.

రెండోది, పాత మధ్యంతర ఉత్తర్వులు. మీకు ఇంజంక్షన్ ఉండి ఉంటే దావాతో పాటు అదీ తిరిగి అమల్లోకి వచ్చిందా అన్నది స్పష్టంగా రాయించుకోండి. వేరీద్ జాకబ్ కేసులో 2004లో సుప్రీంకోర్టు, ఆర్డరులో వేరుగా చెప్పకపోతే మధ్యంతర ఉత్తర్వులు కూడా తిరిగి ప్రాణం పోసుకుంటాయని అంది. కానీ పొలం గట్టు మీద గొడవ జరుగుతున్నప్పుడు పోలీసులకు చూపించడానికి స్పష్టమైన కాగితం కావాలి. తీర్పుకి ముందే అవతలివాళ్ల ఆస్తి అటాచ్ (జప్తు) చేయించి ఉంటే ఇంకా జాగ్రత్త. సీపీసీ ఆర్డర్ 38 రూల్ 11ఏ ప్రకారం, దావా తెరుచుకున్నంత మాత్రాన ఆ అటాచ్‌మెంట్ తిరిగి రాదు. దానికి కొత్తగా పిటిషన్ వేయాలి, వెంటనే.

మూడోది, తర్వాతి వాయిదా తేదీ. తెరిచిన కేసు ఎప్పటికి, దేనికోసం వేశారో బెంచి క్లర్కు దగ్గర అడిగి రాసుకోండి. వారం తర్వాత యాప్ తెరిచి చూడండి. పాత సూట్ నంబరు ఎదురుగా “డిస్పోజ్డ్” పోయి “పెండింగ్” రావాలి, తర్వాతి తేదీ కనిపించాలి. ఇంకా డిస్పోజ్డ్ అనే ఉంటే ఆర్డరు రికార్డుకి ఎక్కలేదన్నమాట. ప్లీడరు గారికి చెప్పి సరిచేయించండి.

పిటిషన్ కొట్టేస్తే?

రూల్ 9 పిటిషన్ కొట్టేస్తే సీపీసీ ఆర్డర్ 43 రూల్ 1 కింద అప్పీలు ఉంది. దాన్ని సీఎంఏ (సివిల్ మిసలేనియస్ అప్పీల్) అంటారు. రూల్ 4 పిటిషన్ కొట్టేస్తే అప్పీలు లేదు, హైకోర్టులో రివిజన్ వేయాలి. కాలపరిమితి ఉంటే కొత్త దావా దారి కూడా తెరిచే ఉంటుంది. మొదటి మెట్టులో ఏ రూలో తెలుసుకోమన్నది ఇందుకే.

మీరు ప్రతివాది అయితే

మీరు రాకపోతే కేసు కొట్టేయరు, మిమ్మల్ని ఎక్స్‌పార్టీ చేస్తారు, అంటే మీరు లేకుండానే కేసు నడిపిస్తారు. ఇంకా తీర్పు రాకపోతే రూల్ 7 కింద ఎక్స్‌పార్టీ ఆర్డరు తీసేయమని అడగండి. డిక్రీ అయిపోతే రూల్ 13. గడువు డిక్రీ తేదీ నుంచి 30 రోజులు. సమన్లు మీకు సరిగా అందకపోయి ఉంటే మాత్రం మీకు తెలిసిన తేదీ నుంచి 30 రోజులు. సమన్లు అందలేదంటే ఆ రోజుల్లో మీరు ఏ చిరునామాలో ఉన్నారో చూపించే కరెంటు బిల్లో, అద్దె ఒప్పందమో పెట్టండి. అప్పీలు వేసి అది తేలిపోయిందంటే రూల్ 13 దారి మూసుకుపోతుంది. రెండింటిలో ఏది ముందో ప్లీడరు గారితో మాట్లాడి తేల్చుకోండి.

ఈపీలు, అప్పీళ్లు

డిక్రీ అమలు కోసం వేసిన ఈపీ (ఎగ్జిక్యూషన్ పిటిషన్) డిఫాల్ట్‌లో పోతే ఆర్డర్ 21 రూల్ 106 కింద 30 రోజుల్లో తెరిపించుకోవాలి. లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 ఆర్డర్ 21 పిటిషన్లను మినహాయించింది, అందుకే ఇక్కడ ఆలస్యం మరీ ప్రమాదం. ఊరట ఏమిటంటే, డిక్రీకి 12 ఏళ్లు నిండకపోతే కొత్త ఈపీ వేసుకోవచ్చు. అప్పీలు డిఫాల్ట్‌లో పోతే ఆర్డర్ 41 రూల్ 19 కింద, అదీ 30 రోజుల్లోనే.

చెక్ బౌన్స్ కేసు పోతే

ఇది వేరే లోకం. ఫిర్యాది రాకపోతే మేజిస్ట్రేటు కేసు మూయడంతో పాటు ముద్దాయిని విడుదల చేస్తారు. అది నిర్దోషిగా విడుదల కిందే లెక్క. అదే కోర్టులో “తప్పైంది, మళ్లీ తెరవండి” అని పిటిషన్ వేస్తే పని జరగదు. తన ఆర్డరుని తాను వెనక్కి తీసుకునే అధికారం మేజిస్ట్రేటుకి లేదని 1986లోనే సుప్రీంకోర్టు ఎ.ఎస్. గౌరయ కేసులో చెప్పింది. అయినా ఇప్పటికీ ఆ పిటిషన్లు వేసి నెలలు పోగొట్టుకునేవాళ్లున్నారు.

దారి అప్పీలే. పాత పద్ధతిలో హైకోర్టు ప్రత్యేక అనుమతి తీసుకోవాలి, ప్రైవేటు ఫిర్యాదికి గడువు 60 రోజులు. 2025లో సెలెస్టియం ఫైనాన్షియల్ కేసులో సుప్రీంకోర్టు, చెక్ కేసులో ఫిర్యాది కూడా బాధితుడే కాబట్టి బాధితుడి హోదాలో నేరుగా అప్పీలు వేసుకోవచ్చని, ప్రత్యేక అనుమతి అక్కర్లేదని తీర్పు చెప్పింది. దాంతో సెషన్స్ కోర్టులోనే అప్పీలు వేసుకునే వీలు కలిగింది. ఊరి నుంచి హైకోర్టుకి తిరగలేని చిన్న వ్యాపారికి ఇది పెద్ద మేలు.

2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) సెక్షన్ 279లో ఇంకో రక్షణ ఉంది. ఫిర్యాది రాకపోతే, హాజరవడానికి 30 రోజుల సమయం ఇచ్చాకే విడుదల చేయాలి. మీ ఆర్డరులో ఆ సమయం ఇచ్చినట్టు ఉందో లేదో చూడండి. ఇవ్వకపోతే అప్పీలులో అదే మీ మొదటి పాయింటు.

వినియోగదారుల కమిషన్‌లో పోతే

జిల్లా కమిషన్ గైర్హాజరు వల్ల ఫిర్యాదు కొట్టేస్తే దాన్నే తెరవమని అక్కడ అడిగి లాభం లేదు. జిల్లా, రాష్ట్ర కమిషన్లకు తమ ఆర్డర్లను వెనక్కి తీసుకునే అధికారం లేదని 2011లో సుప్రీంకోర్టు చెప్పింది. 2019 చట్టం ఇచ్చిన రివ్యూ అధికారం రికార్డులో కంటికి కనిపించే పొరపాట్లకే పరిమితం. రాష్ట్ర కమిషన్‌కి 45 రోజుల్లో అప్పీలు వేయండి. సమస్య మొదలైనప్పటి నుంచి 2 సంవత్సరాలు నిండకపోతే, విచారణ జరగకుండా పోయిన ఫిర్యాదుని కొత్తగా వేసుకునే దారి గురించీ ప్లీడరు గారిని అడగండి.

వాయిదాకి రాలేనని ముందే తెలిస్తే

ప్లీడరు గారికి ఫోన్‌తో పాటు మెసేజ్ కూడా పెట్టండి, అది ఆధారంగా ఉంటుంది. మీ బదులు ఇంట్లోవాళ్లని పంపండి. వాళ్లు సాక్ష్యం చెప్పలేరు గానీ, పిలిచినప్పుడు లేచి నిలబడి “మా నాన్నగారు ఆసుపత్రిలో ఉన్నారండి” అని చెప్పగలరు. ఆ ఒక్క మాటతో కేసు ఇంకో తేదీకి పడుతుంది. పెద్దవాళ్లు, వేరే రాష్ట్రంలో పనిచేసేవాళ్లు ఇంట్లో ఒకరి ఫోన్‌లో ఈకోర్ట్స్ యాప్ వేయించి, కేసుని మై కేసెస్‌లో సేవ్ చేయించండి. నెలకి రెండుసార్లు తెరిచి తర్వాతి తేదీ చూసుకోండి. యాప్‌లో తేదీ, ప్లీడరు గారు చెప్పిన తేదీ వేరుగా ఉంటే ఆ రోజే ఫోన్ చేసి కనుక్కోండి.